గరువు నేల గట్టిపడిపోయింది, సేంద్రియంలోకి మార్చాలంటే ఎక్కడ మొదలెట్టాలి? (చోడవరం దగ్గర రెండెకరాలు)

గరువు_నాగలి
అందరికీ నమస్తే. నేనుండేది గాజువాకలో, ఉద్యోగం కూడా ఇక్కడే. ఊళ్ళో చోడవరం దగ్గర మాకు రెండెకరాల గరువు (మెట్ట నేల), దాన్ని ఆనుకుని అరెకరం పల్లం ఉంది. నాన్నకి ఓపిక తగ్గాక చాలా ఏళ్ళు కౌలుకిచ్చేశాం, ముందు చెరుకు తర్వాత కూరగాయలు వేశాడు కౌలుదారు, అతన్ని తప్పుపట్టడానికి లేదు, వచ్చే ఏడు ఈ భూమి తన చేతిలో ఉంటుందో లేదో తెలియనివాడు గత్తం (పశువుల ఎరువు) ఎందుకు తోలతాడు, యూరియా మీదే లాగించాడు. ఇప్పుడు కౌలు అయిపోయింది, ఇక మేమే చేసుకుందాం అనుకుంటున్నాం, సెలవుల్లో నేను, మిగతా రోజులు అమ్మా చిన్నాన్నా.

ఎర్ర నేల. వాన పడి ఎండ కాస్తే చాలు పైన పెచ్చు కట్టేస్తుంది, మొలక దాన్ని చీల్చుకుని రాలేక లోపలే వంగిపోతుంది. పెద్ద వానొస్తే నీళ్ళు ఇంకవు, ఎర్రగా గెడ్డలోకి (వాగులోకి) పోతాయి. మట్టి పరీక్ష కార్డులో సేంద్రియ కర్బనం 0.38 శాతం, పీహెచ్ 5.9, భాస్వరం ఎక్కువ, పొటాష్ మధ్యస్థం, జింకు తక్కువ అని వచ్చింది. పేడా మూత్రం బెల్లం పులియబెట్టి చేసే జీవామృతం ఒక్కటి పోస్తే చాలని కొందరంటున్నారు, మూడేళ్ళు పంట పోతుంది తట్టుకోలేవు అని ఇంకొందరంటున్నారు. చేసినవాళ్ళు చెప్పండి, ఈ వేసవిలోనే మొదలెట్టాలని ఉంది.

మట్టి_మాస్టారు
బాబూ, చాలా కాలం మట్టి పరీక్షల లాబ్‌లో పనిచేసి రిటైరయ్యాను. కార్డు మీద 12 అంశాలుంటాయి, నీ కార్డులో మిగతావన్నీ పక్కన పెట్టి ముందు ఆ 0.38 చూడు. 0.5 లోపు ఉంటే తక్కువ కింద లెక్క, 0.75 దాటితే బాగున్నట్టు. నీ పెచ్చుకీ, ఇంకని నీళ్ళకీ, గెడ్డలోకి పోయే ఎర్రమట్టికీ మూలం అదే.

ఎందుకో చెప్తా. మట్టి రేణువులు ఒకదానికొకటి అంటుకుని చిన్న చిన్న పలుకుల్లా ఉంటే మధ్యలో ఖాళీలుంటాయి, వాటిల్లోంచే గాలీ నీరూ దిగుతాయి. ఆ పలుకుల్ని పట్టి ఉంచే జిగురు వేర్ల నుంచీ, బూజు తీగల నుంచీ, సూక్ష్మజీవుల నుంచీ వస్తుంది. వాటికి తిండి సేంద్రియ పదార్థం. తిండి లేకపోతే జిగురు లేదు, వాన చినుకు దెబ్బకి పలుకు పగిలిపోయి సన్న మట్టి ఖాళీల్లోకి దిగి కూర్చుంటుంది, ఎండగానే పెచ్చు.

ఈసారి ఊరెళ్ళినప్పుడు ఓ పని చెయ్యి. పొలం మధ్యలోంచి ఓ మట్టి గడ్డ, గట్టు మీద చెట్టు కింద నుంచి ఓ గడ్డ తీసుకో. రెండూ నీడలో బాగా ఆరనిచ్చి రెండు గాజు గ్లాసుల నీళ్ళల్లో మెల్లగా దించు. ఏమైందో ఇక్కడ రాయి.

లెక్కల_రైతు
నేను అనకాపల్లి వైపు, వరి చెరుకు రెండూ చేస్తాను, ఎరువులు వేస్తాను, దాయడానికేం లేదు. తమ్ముడూ నిన్ను వెనక్కి లాగాలని కాదు గాని ముందు లెక్క చూసుకో. వరికి ఎకరానికి 30 నుంచి 40 కిలోల నత్రజని కావాలి. యూరియా బస్తా 45 కిలోలు, అందులో 46 శాతం అంటే ఒక్క బస్తాలో 20 కిలోల పైన నత్రజని, 266 రూపాయల చిల్లరకి వస్తుంది. అదే గత్తంలో నత్రజని అర శాతం, టన్నుకి 5 కిలోలు. అంటే ఎకరానికి ఆరు నుంచి ఎనిమిది టన్నులు తోలాలి. ఊళ్ళో పశువులెక్కడున్నాయి? మా వీధిలో ఒకప్పుడు ప్రతి ఇంటి వెనకా గత్తం పోగు ఉండేది, ఇప్పుడు పాల ప్యాకెట్లు కొనుక్కుంటున్నారు. ట్రక్కు గత్తానికి అడిగే రేటూ తోలే కూలీ కలిపితే చిన్న రైతు వల్ల కాదు.

జీవామృతం సంగతి కూడా చూద్దాం. 200 లీటర్ల నీళ్ళు, 10 కిలోల పేడ, 5 నుంచి 10 లీటర్ల మూత్రం, 2 కిలోల బెల్లం, 2 కిలోల పప్పు పిండి, గుప్పెడు మట్టి. ఇందులో మొత్తం నత్రజని వేసి చూడండి, పావు కిలో కూడా రాదు. పావు కిలో 40 కిలోల పని ఎలా చేస్తుంది? శ్రీలంకలో 2021లో రసాయన ఎరువుల దిగుమతి ఒక్కసారిగా ఆపేశారు, వరి దెబ్బతిని ఆ ఏడు నవంబర్‌లోనే వెనక్కి తీసుకున్నారు. అది చూశాక కూడా జాగ్రత్త పడకపోతే ఎలా.

నవధాన్యం_అక్క
లెక్కల రైతు గారూ, మీ లెక్క కరెక్టే, నేను కాదనను. కానీ జీవామృతాన్ని ఎరువుగా చూస్తే ఎప్పటికీ లెక్క తేలదండి. అది తోడు. పాలు ఉంటేనే తోడు పని చేస్తుంది, ఖాళీ గిన్నెలో వేస్తే ఏముంటుంది. నేలలో ఆకూ అలమూ వేరూ ఉంటే జీవామృతం పోసినందుకు ఫలితం కనిపిస్తుంది, బోడి నేల మీద పోస్తే అది తడి తప్ప ఇంకేం కాదు. చాలామంది డ్రమ్ము కొని పోసి ఏం లాభం లేదని మానేసేది ఇక్కడే.

నేను దేవరాపల్లి వైపు, మా డ్వాక్రా సంఘాల్లో ప్రకృతి వ్యవసాయం చెప్పే పని చేస్తాను, మా సొంత పొలం కూడా ఇదే పద్ధతి. రాష్ట్రంలో ఇది 2016లో మొదలైంది, రైతు సాధికార సంస్థ నడుపుతోంది. 2024లో పోర్చుగల్ వాళ్ళ గుల్బెంకియన్ బహుమతి వచ్చింది కూడా.

తమ్ముడూ నీకు నేను చెప్పేది ఒక్కటే, ఏ పంట వెయ్యాలా అని ఆలోచించే ముందు నేలని ఖాళీగా వదలకుండా చూడు. వేసవిలో దుక్కి చేసి ఎండకి వదిలేస్తాం కదా, ఆ పద్ధతి ఎర్ర గరువుకి పనికిరాదు. వానలకి ముందే నవధాన్యాలు పొడి నేలలో చల్లెయ్యాలి. జొన్న, సజ్జ, చోళ్ళు (రాగులు), పెసలు, మినుములు, అలసందలు, ఉలవలు, కందులు, నువ్వులు, గోంగూర, ఆనప, గుమ్మడి, ధనియాలు, ఇంట్లో ఏ గింజలుంటే అవి, తొమ్మిది రకాలకి తక్కువ కాకుండా. ఎకరానికి పది పన్నెండు కిలోలు చాలు. ముందు గింజలకి బీజామృతం (పేడా మూత్రంతో చేసే విత్తన శుద్ధి ద్రావణం) పట్టించి, జల్లించిన బంకమట్టీ ఘనజీవామృతం (జీవామృతాన్నే గట్టిగా చేసి ఆరబెట్టింది) పొడీ బూడిదా మార్చి మార్చి చల్లుతూ పళ్ళెంలో తిప్పితే గింజ చుట్టూ పొర కడుతుంది, చిన్న గుళికలా అవుతుంది. చీమలు ఎత్తుకుపోవు, చిన్న జల్లుకి తొందరపడి మొలిచి ఎండిపోదు, సరిపడా తడి వస్తేనే మొలుస్తుంది. పైన గడ్డో ఎండాకో పల్చగా కప్పాలి, ఇది మర్చిపోవద్దు.

పాడేరు_మిరియం
అక్క చెప్పింది నిజం. మాది కాఫీ తోట, సిల్వర్ ఓక్ నీడలో, చెట్లకి మిరియం ఎక్కించాం. 2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ తుఫాను వచ్చినప్పుడు నీడ చెట్లు కూలిపోయాయి మా చుట్టుపక్కల చాలా తోటల్లో. అప్పటిదాకా కాఫీ మొక్క కింద చెయ్యి పెడితే మెత్తగా చల్లగా ఉండే నేల, నీడ పోయాక ఎండ నేరుగా పడి ఆకు పొర ఎండిపోయి వానకి కొట్టుకుపోయింది. కొండ వాలు కదా. కింద గులకరాయి కనపడింది. ఎరువు మారలేదు, మందు మారలేదు, నీడా కప్పూ పోయాయి అంతే. మళ్ళీ నీడ మొక్కలు పెంచి, వాలుకి అడ్డంగా కందకాలు తీసి, కొమ్మా రెమ్మా అక్కడే పరిచి చాలా కాలానికి తేరుకుంది.

ఇంకోటి, ఆకులు పరిచేటప్పుడు ఎండాకుతో పాటు పచ్చాకు కూడా కలపండి. ఒట్టి సరుగుడు రాలు, ఎండు గడ్డి లాంటివి మట్టిలో కలిపి దున్నితే మొక్కలు పసుపెక్కిపోతాయి.

సీతమ్మధార_మేడతోట
పాడేరు గారూ ఇది నాకూ జరిగింది కుండీల్లో! కొబ్బరి పొట్టు ఎక్కువ కలిపాను, వంగ మొక్కలన్నీ లేత పసుపు. ఎందుకలా అవుతుంది?

మట్టి_మాస్టారు
అమ్మా, ఎండు గడ్డిలో, పొట్టులో కర్బనం చాలా ఎక్కువ, నత్రజని చాలా తక్కువ. దాన్ని కుళ్ళబెట్టే సూక్ష్మజీవులకి ఒళ్ళు కట్టుకోవడానికి నత్రజని కావాలి, ఆ పదార్థంలో దొరక్క చుట్టూ ఉన్న మట్టిలోంచి లాక్కుంటాయి. మొక్కకి మిగలదు. అవి చచ్చాక ఆ నత్రజని మళ్ళీ బయటకొస్తుంది గాని అప్పటికి మొక్క వెనకబడిపోతుంది. అందుకే ఎండు గడ్డిని పైన పరచడం మంచిది, లోపల కలపకూడదు. కలపాలంటే పేడో, చెక్కో (గింజల నూనె తీశాక మిగిలే పిండి), వంటింటి పచ్చి చెత్తో తోడుగా ఉండాలి. మీ కుండీలకి వేప చెక్క గుప్పెడు వెయ్యండి, అందులో నత్రజని 5 శాతం దాకా ఉంటుంది, పురుగుకీ పనికొస్తుంది. కొబ్బరి పొట్టు కొత్తదైతే రెండు మూడు నీళ్ళు కడిగి వాడండి, ఉప్పు పోతుంది.

గరువు_నాగలి
మాస్టారూ మీరు చెప్పినట్టు చేశాను. గట్టు మీద కానుగ చెట్టు కింద గడ్డా, పొలం మధ్య గడ్డా రెండూ అమ్మ ముందే గ్లాసుల్లో దించాం. పొలం గడ్డ నీళ్ళలో పెట్టీ పెట్టగానే అంచుల నుంచి జారడం మొదలెట్టింది, గాలి బుడగలు బుసబుసా పైకొచ్చాయి, టీ తాగి గ్లాసు కింద పెట్టేలోపు గడ్డ లేదు, అడుగున ఎర్ర బురద, నీళ్ళంతా ఎర్రగా. కానుగ కింద గడ్డ అలాగే కూర్చుంది, సాయంత్రం దాకా దాని ఆకారం చెడలేదు, నీళ్ళు తేటగానే ఉన్నాయి, పక్కన సన్న వేరు పోగులు తేలుతున్నాయి. రెండిటి మధ్యా దూరం పట్టుమని పది అడుగులు కూడా ఉండదు, అదే మట్టి, అదే వాన.

అమ్మ చాలాసేపు చూసి, మీ తాత రోజుల్లో వేసవిలో గొర్రెల మంద కట్టించేవాళ్ళం ఈ గరువులో, చెరువు ఎండితే బళ్ళతో చెరువు మట్టి తోలేవాళ్ళం, అదంతా ఎప్పుడో ఆపేశాం అంది.

మట్టి_మాస్టారు
మీ అమ్మగారు చెప్పినవి రెండూ అసలైన మాటలు. చెరువు మట్టిలో సన్న బంకా సేంద్రియ పదార్థం ఉంటాయి, ఎర్ర గరువుకి నీటిని పట్టుకునే శక్తి వస్తుంది. మంద కట్టించడం ఇప్పటికీ ఉంది, గొర్రెల వాళ్ళు వేసవిలో తిరుగుతుంటారు, మాట్లాడుకో. గొర్రె గత్తం పశువుల గత్తం కన్నా ఘాటు.

అయితే ఎంత కాలం పడుతుందో కూడా తెలిసుండాలి. ఎకరంలో పైన 15 సెంటీమీటర్ల మట్టి బరువు సుమారు 900 టన్నులు. నీ 0.38 ని 0.5 కి తేవాలంటే టన్ను పైన కర్బనం నేలలో నిలవాలి, అంటే హ్యూమస్ (కుళ్ళి నేలలో నిలిచిన సేంద్రియ పదార్థం) లెక్కలో దాదాపు రెండు టన్నులు. నువ్వు వేసిన ఆకూ గత్తంలో ఎక్కువ భాగం ఏడాదిలోనే సూక్ష్మజీవులు తినేసి గాలిలోకి వదిలేస్తాయి, కొద్దిగానే నేలలో నిలుస్తుంది, మన ఎండలకి మరీ తక్కువ. కాబట్టి రెండు టన్నులు నిలవాలంటే దానికి ఎన్నో రెట్లు వెయ్యాలి, ఏటా వెయ్యాలి. ఒక్క వేసవిలో అయ్యే పని కాదు. అంత సరుకు బయట నుంచి తోలడం లెక్కల రైతు చెప్పినట్టు కష్టమే, అందుకే పొలంలోనే పండించుకోవాలి.

లెక్కల_రైతు
ఇది ఒప్పుకుంటాను. నేనూ పచ్చిరొట్ట కోసం జీలుగ వేస్తుంటాను పల్లంలో. ఎకరానికి 10-12 కిలోల విత్తనం, మొదటి వానకి చల్లితే పూతకొచ్చే టైంకి అంటే ఓ 45 రోజులకి నడుం దాకా వస్తుంది, దమ్ములో కలియదున్నేస్తే ఉబాలు (నాట్లు) వేసే సమయానికి కుళ్ళిపోతుంది. ఆ మడిలో యూరియా ఒక బస్తా దాకా తగ్గిస్తున్నాను, దిగుబడి తగ్గలేదు. పూత దాటనివ్వకూడదు, కాడ ముదిరితే కుళ్ళదు.

తమ్ముడి గరువుకైతే జీలుగ కన్నా జనుము మేలు, నీరు నిలవని చోట అదే బాగా వస్తుంది. నా అభ్యంతరం అంతా ఒక్కసారిగా ఆపెయ్యమనే మాట మీదే. రెండెకరాల మీద ఇల్లు ఆధారపడి ఉంటే ఆ ఏడు వాళ్ళేం తినాలి?

నవధాన్యం_అక్క
ఒక్కసారిగా ఆపమని మేమూ చెప్పం అన్నయ్యా. అరెకరంతో మొదలెట్టమంటాం. ఆ అరెకరం చుట్టూ గట్లేసుకో, పక్క పొలం నీరు రాకుండా. మిగతాదాంట్లో కూడా నవధాన్యాలు చల్లుకో, గత్తం దొరికినంత వేసుకో, రసాయనం ఏడాదికి కొంచెం కొంచెం తగ్గించుకుంటూ రా.

ఇంకో మాట, కలుపు గురించి ఎవరూ అడగట్లేదు, అసలు కష్టం అక్కడుంటుంది. కలుపు మందు ఆపేసిన మొదటి ఏడు తుంగ వచ్చి మీద పడుతుంది. ఇంట్లో ఆడవాళ్ళ నడుములు విరుగుతాయి, మగవాళ్ళు సేంద్రియం అని పేరు చెప్పుకుంటారు, కలుపు తీసేది మేము. అందుకే ముందు నుంచే కప్పు, దగ్గర దగ్గరగా అంతర పంటలు, కలుపు తీసే సైకిల్ వీడర్, ఇవన్నీ చూసుకోవాలి. చిన్నాన్నతో మాట్లాడి అమ్మ మీద ఎంత పని పడుతుందో లెక్కేసుకున్నాకే దిగు తమ్ముడూ.

గరువు_నాగలి
అక్కా ఈ మాట ఎవరూ చెప్పలేదు నాకు ఇప్పటిదాకా. అమ్మకి మోకాళ్ళ నొప్పులు. వీడర్ తప్పకుండా తీసుకుంటాను. ఇంకో సందేహం, భాస్వరం ఎక్కువ అని వచ్చింది కదా కార్డులో, అయినా డీఏపీ వెయ్యమంటున్నారు షాపులో.

మట్టి_మాస్టారు
వెయ్యకు. డీఏపీలో 46 శాతం భాస్వరం, ఏళ్ళ తరబడి వేసింది నేలలో పేరుకుపోయి ఉంది. పుల్లటి ఎర్ర నేలలో ఇనుమూ అల్యూమినియమూ దాన్ని పట్టేసుకుంటాయి, మొక్కకి అందనివ్వవు. భాస్వరాన్ని కరిగించే పీఎస్‌బీ అనే బాక్టీరియా పొడి దొరుకుతుంది, గత్తంలో కలిపి నీడలో కొన్నాళ్ళు తడిగా ఉంచి చల్లు. సేంద్రియ పదార్థం పెరిగేకొద్దీ అదే విడుదలవుతుంది. జింకు లోపం మాత్రం ఆకూ అలమూతో తొందరగా తీరదు, పల్లం మడిలో వరి వేసేటట్టయితే దుక్కిలో జింక్ సల్ఫేట్ ఎకరానికి 20 కిలోల లెక్కన వేసుకో. సేంద్రియ సర్టిఫికెట్ ఆలోచన ఉంటే ముందు దాని కోసం చేరే రైతుల గ్రూపుని అడిగి, పరీక్ష కాగితం పెట్టుకుని వెయ్యి. పీహెచ్ 5.9 కి కంగారు లేదు.

ఎంవీపీ_గృహిణి
నేను కొనేవైపు నుంచి అడుగుతున్నా, ఏమనుకోకండి. మా రైతు బజార్‌కి వారానికి రెండుసార్లు వెళ్తా. ఆర్గానిక్ అని అట్ట మీద రాసి పెడతారు, బెండకాయ రెట్టింపు రేటు. నిజమో కాదో నాకెలా తెలుస్తుంది? పుచ్చు ఉంటే ఆర్గానిక్ అని మా అత్తయ్య అంటారు. డబ్బులివ్వడానికి ఇబ్బంది లేదండి, పిల్లలు తినేది కాబట్టి, నమ్మకం లేకే మానేశాను.

పాడేరు_మిరియం
పుచ్చు గుర్తు కాదండి, మందు కొట్టిన కాయకీ పుచ్చు ఉంటుంది. ప్యాకెట్ సరుకైతే జైవిక్ భారత్ లోగో చూడండి. దాని వెనక రెండు దారులున్నాయి. ఒకటి ఎన్‌పీఓపీ, 2001 నుంచి ఉంది, బయటి సంస్థ తనిఖీ చేస్తుంది, ఎగుమతికి ఇదే కావాలి, ఖర్చెక్కువ. రెండోది పీజీఎస్, కనీసం ఐదుగురు రైతులు గ్రూపుగా ఏర్పడి ఒకరి పొలం ఒకరు తనిఖీ చేసుకుంటారు, చిన్న రైతులకి ఇది అందుబాటులో ఉంటుంది. మారుతున్న దశలో ఉన్న పొలానికి పీజీఎస్ గ్రీన్ ఇస్తారు, పూర్తయ్యాక పీజీఎస్ ఆర్గానిక్. చిన్న రైతు తన పంట తానే నేరుగా మీకు అమ్మితే సర్టిఫికెట్ తప్పనిసరి కాదు, అక్కడ మీకున్న దారి ఆ పొలం వెళ్ళి చూడటమే. మా కాఫీకైతే 2019లో అరకు పేరుతో భౌగోళిక గుర్తింపు వచ్చింది, దానివల్ల పేరొచ్చింది గాని అది సేంద్రియ సర్టిఫికెట్ కాదు, కొంతమంది రెండూ ఒకటే అనుకుంటున్నారు.

ఎంవీపీ_గృహిణి
థాంక్యూ అండి. నాగలి గారూ మీరు కూరగాయలు మొదలెట్టాక మా అపార్ట్‌మెంట్‌లో పది పన్నెండు ఇళ్ళు తీసుకుంటాయి. మారుతున్న దశ అని నిజం చెప్పి అమ్మండి, మేం కొంటాం. ఓ ఆదివారం పిల్లల్ని తీసుకుని పొలానికి కూడా వస్తాం.

గరువు_నాగలి
ఇంత వివరంగా చెప్పినందుకు అందరికీ దండాలు. నిన్న ఇంట్లో కూర్చుని అనుకున్నది ఇది. గరువులో చెట్టు గట్టు వైపు అరెకరం పూర్తిగా మార్చేస్తాం, మిగతా ఎకరంన్నరలో ఈ ఏడు నవధాన్యాలూ జనుమూ వేసి నేలలోనే కలిపేస్తాం, ఆ తర్వాత ఉలవలో కందో వేసి యూరియా లేకుండా చూస్తాం. పల్లంలో జీలుగ వేసి వరి, ఎరువు సగానికి తగ్గించి. గొర్రెల వాళ్ళతో చిన్నాన్న మాట్లాడాడు, పల్లం దగ్గర నీళ్ళున్నాయి కాబట్టి ఓ వారం మంద నిలుపుతామన్నారు. గట్ల మీద గ్లైరిసిడియా కొమ్మలు నాటాలని ఉంది, పచ్చాకు కోసం. అక్కా నవధాన్యాలు ఎప్పటికల్లా చల్లెయ్యాలి? మళ్ళీ మట్టి పరీక్ష ఎప్పుడు చేయించాలి?

నవధాన్యం_అక్క
మే మొదటి వారంలో చల్లేసుకో. గింజలన్నీ కొనక్కర్లేదు, మీ ఊరి సంఘంలో అడుగు, ప్రకృతి వ్యవసాయం నేర్పే ఐసీఆర్పీ అని ఒకరుంటారు, వాళ్ళ దగ్గర కలిపిన కిట్ ఉంటుంది. ఘనజీవామృతం మాత్రం ఇప్పటి నుంచే తయారు చేసుకోవాలి, నీడలో ఆరి పొడి అవ్వడానికి టైం పడుతుంది. గొర్రెలు వెళ్ళిపోయాకే గింజలు చల్లు, ముందు చల్లితే మొలక మిగలదు.

మట్టి_మాస్టారు
పరీక్ష ఏటా అక్కర్లేదు, కర్బనం అంత తొందరగా కదలదు, రెండేళ్ళకోసారి చాలు, కాని ప్రతిసారీ అదే నెలలో, పంట తీశాక, గత్తం వెయ్యకముందు. పొలంలో వంకరటింకరగా నడుస్తూ ఎనిమిది పది చోట్ల పైన చెత్త తీసేసి వి ఆకారంలో 15 సెంటీమీటర్ల లోతు గుంట తీసి, పక్క గోడ నుంచి పై నుంచి కిందకి ఒకే మందంతో మట్టి చెక్కు. అంతా కలిపి నాలుగు భాగాలు చేసి ఎదురెదురువి రెండు పారేస్తూ అరకిలో మిగిలేదాకా తగ్గించు. గట్టు పక్కన, చెట్టు కింద, గత్తం పోగు పెట్టిన చోట తీయొద్దు. మార్చే అరెకరానికీ మిగతా ఎకరంన్నరకీ వేరు వేరు సంచులు, రెండిటి మీదా పేర్లు రాసి పంపు. గ్లాసు పరీక్ష మాత్రం ప్రతి వేసవీ చెయ్యి, దానికి లాబ్ అక్కర్లేదు.

లెక్కల_రైతు
తమ్ముడూ ఖర్చు పుస్తకం కూడా పెట్టు. రెండు ముక్కలకీ విడివిడిగా, విత్తనం, కూలీ, కలుపు, దిగుబడి, అమ్మిన రేటు, ఇంట్లోవాళ్ళ పని దినాలతో సహా. పంట తీశాక ఆ అంకెలు ఇక్కడ పెట్టు, నా వరి మడి లెక్క కూడా పక్కనే పెడతాను.